మూడు వైపులా పావు

కొలతకి తక్కువ ఇచ్చి చెడినవాళ్ళు ప్రతి ఊళ్ళోనూ ఉంటారు. ఎక్కువ ఇచ్చి చెడినవాడు గూడూరు మొత్తానికి పెంచలయ్య ఒక్కడే.

ఆయనది అభ్రకం వ్యాపారం. సైదాపురం రోడ్డులో రేకుల షెడ్డు, అందులో పద్నాలుగుమంది ఆడవాళ్ళు. గనిలోంచి వచ్చిన దిమ్మని కత్తిమొనతో పొరలు పొరలుగా చీల్చడం వాళ్ళ పని. సరుకు కట్టేటప్పుడు పెంచలయ్య వంద రేకులకి నాలుగు రేకులు పైన వేసేవాడు. అది కొసరు. వాళ్ళ తాత వేశాడు, నాయన వేశాడు, ఈయనా వేశాడు. “తక్కువైతే తిడతారు. ఎక్కువైతే ఎవడన్నా తిట్టాడా?” అనేవాడు. ముప్ఫై ఏళ్ళలో ఆ మాట ఒక్కసారి కూడా తప్పలేదు. తప్పని మాటని ఎవరు మాత్రం పరీక్షించి చూసుకుంటారు?

ఆయన భార్య కామాక్షమ్మ మేనమామ కూతురే. ఒకప్పుడు ఆ షెడ్డులో ఆమెని మించిన చేయి లేదు. రేకుని బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టుకుని “ఇరవై మైక్రాన్లు” అందంటే, తర్వాత స్క్రూగేజిలో పెట్టినా ఇరవయ్యే వచ్చేది. పాతికేళ్ళ వయసులో రేచీకటి మొదలైంది. తర్వాత చూపు అంచులనుంచి లోపలికి కుంచించుకుపోతూ వచ్చింది. నలభై ఎనిమిదో ఏటికి, మిట్టమధ్యాహ్నం గుమ్మం ఎటుందో తెలియడం తప్ప కళ్ళకి ఇంకేమీ మిగల్లేదు. వేళ్ళు మాత్రం ఉన్నాయి. ఆ వేళ్ళతోనే రోజూ వచ్చి తన పీటమీద కూర్చుని రేకులు చీల్చేది.

డాక్టర్ హైమవతి జీపు దిగి షెడ్డులోకి వచ్చిన రోజు కామాక్షమ్మ ఆ పీటమీదే ఉంది. హైమవతి తిరుపతిలో ఒక చిన్న ప్రయోగశాల నడుపుతోంది. మచ్చ లేని అభ్రకం కావాలని గనులన్నీ తిరుగుతూ అక్కడికి వచ్చింది. దేనికని పెంచలయ్య అడిగితే ఉపన్యాసం ఇవ్వలేదు. సంచిలోంచి ఒక గాజుపలక తీసి బల్లమీద పెట్టింది. దానిమీద పాలచుక్కంత తెల్లటి మరక ఉంది. ఆ మరకకి రెండు సన్నటి తీగలు తగిలించి, వాటిని ముల్లున్న మీటరుకి కలిపింది. టార్చి వెలిగించింది. ముల్లు ఎగిరింది. టార్చి ఆర్పింది. ముల్లు పడిపోయింది.

“ఆ మరకలో లక్షలకొద్దీ అభ్రకం నలుసులు ఉన్నాయండీ. ఒక్కోదానికీ రంగుమందు పూత పూశాం. వెలుతురు పడితే కరెంటు పుడుతుంది. కంటి వెనకపొరలో చచ్చిపోయిన కణాలు చెయ్యాల్సిన పని ఇదే. పొర కింద వీటిని పరిస్తే, బతికున్న నరం దీన్ని చూపు అనుకుంటుంది.”

కత్తులన్నీ ఆగిపోయాయి. సుబ్బరత్నం అనే ఆమె మాత్రం నోరు ఆపుకోలేకపోయింది. “అమ్మా, మా ఆయన కంట్లో గూడా నాలుగు నలుసులెయ్యి తల్లీ. ఇరవై ఏళ్ళనుంచీ ఆయనకి నేను కనపడటంలా.”

అందరూ నవ్వారు. కామాక్షమ్మ నవ్వలేదు. చేతిలో రేకు అలాగే పట్టుకుని, గొంతు వచ్చిన వైపు ముఖం తిప్పి కూర్చుంది. పెంచలయ్య ఆ ముఖం చూశాడు. బేరం అక్కడే కుదిరిపోయింది.

డాక్టరమ్మ ఇచ్చిన చీటీలో కొలతలన్నీ నానోమీటర్లలో ఉన్నాయి. పొడవు ఎనిమిది వేలు, వెడల్పు ఎనిమిది వేలు, మందం అయిదు వందలు.

“ఎనిమిది వేలంటే యాడ పడతాదయ్యా కంట్లో?” అని సుబ్బరత్నం కంగారుపడింది.

“సున్నాలు చూసి బెదిరితే వ్యాపారం చెయ్యలేం,” అన్నాడు పెంచలయ్య. “వెయ్యి నానోలు ఒక మైక్రాను. వెయ్యి మైక్రాన్లు ఒక మిల్లీమీటరు. మూడు సున్నాలు కొట్టెయ్యి. ఎనిమిది మైక్రాన్ల పొడవు, ఎనిమిది వెడల్పు, అర మైక్రాను మందం. నీ తలవెంట్రుక లావు ఎనభై మైక్రాన్లు. దానిమీద అడ్డంగా పది నలుసులు వరసగా పట్టాల.”

“నా వెంట్రుకలు లెక్కపెట్టావా ఏంది?”

“ఉన్నవి నాలుగేగా, లెక్కెంత సేపు!”

ప్రయోగశాల ఒక యంత్రాన్ని పంపించింది. రేకుల్ని నీళ్ళలో నానబెట్టి, చెవికి వినిపించని శబ్దంతో చీల్చి, ముక్కలు చేస్తుంది. దానికి మూడు ముళ్ళు. పొడవుకొకటి, వెడల్పుకొకటి, మందానికొకటి. మొదటి రెండింటికీ మైక్రాన్ల గీతలు, మూడోదానికి మైక్రానులో ఎనిమిదో వంతు గీతలు. పెంచలయ్య వారం రోజుల్లో దాన్ని తన త్రాసంత బాగా వాడటం నేర్చుకున్నాడు. మచ్చు పంపించాడు. హైమవతి దాన్ని పెద్ద సూక్ష్మదర్శినిలో చూసి, చీటీకీ సరుకుకీ వెంట్రుకవాసి తేడా లేదని ఫోను చేసింది.

మొదటి విడతకి ఆరుగురిని ఎంపిక చేశారు. కామాక్షమ్మ ఆరోది. మనిషికొక సీసా, సీసాకి పది లక్షల నలుసులు. ప్రయోగశాలలో లెక్కపెట్టే యంత్రం ఉంది. అది ఎన్ని ఉన్నాయో చూస్తుంది, ఎంతెంత పెద్దవో చూడదు. ఎంతెంత అన్నది మచ్చు చూసినప్పుడే తేలిపోయింది గదా అని వాళ్ళ ధీమా. వ్యాపారంలో మచ్చు ఒకటి, సరుకు ఒకటి పంపించేవాడు మోసగాడు. పెంచలయ్య మోసగాడు కాదని జిల్లా అంతా ఎరుగును.

అయిదు సీసాలు చీటీ ప్రకారమే తయారు చేశాడు. ఆరో సీసా దగ్గర ఆయన చెయ్యి ఆగింది. ఆడవాళ్ళంతా చెట్టుకింద అన్నాలు తింటున్నారు. షెడ్డులో ఆయన ఒక్కడే ఉన్నాడు. కడిగేటప్పుడు నలుసుల అంచులు కొంచెం అరగడం ఆయన చూశాడు. అరిగితే చీటీకి తగ్గుతాయి. తగ్గితే ఆ మేరకు కామాక్షికి వెలుతురు తగ్గుతుంది. ఊళ్ళోవాళ్ళందరికీ వేసే కొసరు ఇంటిదానికి వెయ్యకపోతే తానేం మనిషి?

పొడవు ముల్లు ఎనిమిదినుంచి పదికి తిప్పాడు. వెడల్పు ముల్లు పదికి తిప్పాడు. మందం ముల్లు నాలుగో గీతనుంచి అయిదో గీతకి జరిపాడు. పావు వంతు కొసరు. ఆరో సీసా నిండింది. ఆయన మనసు కూడా నిండింది.

జూన్‌లో కుడికంటికి ఆపరేషన్ జరిగింది. కట్టు విప్పిన రోజు కామాక్షమ్మ కన్ను చికిలించి ఎదురుగా ఉన్న మనిషిని పైనుంచి కిందికి చూసింది. తర్వాత చెయ్యి చాపి పెంచలయ్య గడ్డం పట్టుకుంది.

“ఏంది మావా, ఇంత ముసిలోడివైపోయావు!”

“నువ్వు చూడకపోతే ఎట్టుంటాను మరి? ఎట్టా పడితే అట్టా అయిపోయినా.”

రంగులు లేవు. లోకమంతా బూడిదరంగులో, తడి గాజులోంచి చూస్తున్నట్టు ఉందట. “రంగులెందుకు, అంచులుండాయి. అది చాలు,” అంది. బియ్యంలో రాళ్ళు తానే ఏరింది. షెడ్డులో పద్నాలుగుమంది ముఖాలూ ఒక్కొక్కటే దగ్గరికి లాక్కుని చూసింది. గొంతుల్ని బట్టి తాను ఊహించుకున్న ముఖాలకీ అసలు ముఖాలకీ పొంతన లేదని పడీపడీ నవ్వింది. ఎండ ఎక్కువుంటే కన్ను నీళ్ళు కారేది. అయినా గొడుగు వద్దనేది. పెంచలయ్య పని మానుకుని, ఆమె దేన్ని చూస్తుంటే తానూ దాన్నే చూస్తూ తిరిగాడు. లెక్క కట్టుకుంటే అవి నలభై రోజులు.

నలభై ఒకటో రోజు చూపు నడిమధ్యలో చిన్న మచ్చ కనపడిందని చెప్పింది. రెండు రోజుల్లో ఆ మచ్చ అరచేయంత అయింది. వారానికి కుడికంట్లో ఏమీ లేదు. ఇదివరకు తెలిసే గుమ్మం వెలుతురు కూడా లేదు.

హైమవతి పరీక్ష చేసి, పక్కగదిలో పెంచలయ్యతో మాట్లాడింది. ఆమె ముఖం పీక్కుపోయి ఉంది.

“పొర లేచిపోయిందండీ. నరాలు నలిగి చచ్చిపోయాయి. మిగతా అయిదుగురికీ బాగుంది, ఈమెకే ఎందుకిలా అయిందో అర్థం కావట్లేదు. ఎడమకంట్లో నరాలు ఇంకా ప్రాణంతో ఉన్నాయి. దీపావళి దాకా ఉంటాయేమో, ఆ తర్వాత చెప్పలేను. కానీ కారణం తెలియకుండా ఆ కన్ను నేను ముట్టుకోను. ఆమెదే కాదు, ఎవరిదీ ముట్టుకోను. రెండో విడతకి పందొమ్మిదిమంది ఎదురుచూస్తున్నారు. అందరికీ ఆగమని చెప్పేశాను.”

“అట్టనేనమ్మా.”

“పెంచలయ్యగారూ, ఆమె సీసా కూడా మచ్చులాంటిదేనా?”

ఆ ప్రశ్న మామూలుగానే అడిగింది. అనుమానంతో అడిగి ఉంటే పెంచలయ్య చెప్పేసేవాడేమో. అంత నమ్మకంతో అడిగేసరికి ఆయన నోటికి అలవాటైన మాటే వచ్చింది.

“చీటీ ప్రకారమేనమ్మా.”

బస్సులో కూర్చున్నాక, పావు వంతుకే కన్ను పోతుందా అనుకున్నాడు. శేరు బియ్యం తినే మనిషికి శేరుంపావు పెడితే పొట్ట పగులుతుందా? పగలదు, కన్నూ పోదు. ఇంకేదో అయివుంటుంది. పూతలో తేడానో, సూదిలో తేడానో. డాక్టర్లు వాళ్ళే కనుక్కుంటారు. మిల్లీమీటర్లూ మైక్రాన్లూ నోటితోనే మార్చి పారేసే పెంచలయ్య, ఆ ఒక్క లెక్క మాత్రం వెయ్యలేదు. వేస్తే ఏం తేలుతుందోనని భయం. ముప్ఫై ఏళ్ళ పేరు ఒకవైపు, వెయ్యని లెక్క ఒకవైపు. పేరే బరువుగా తూగింది.

హైమవతి పూత మార్చి చూసింది. సూది మార్చి చూసింది. చివరికి తన చేతిలోనే వణుకు ఉందేమోనని, తన చేతుల్ని తానే వీడియో తీయించుకుని చూసుకుంటోందని తెలిసింది. పెంచలయ్య ఆ సంగతి విని అన్నం ముందునుంచి లేచిపోయాడు. లేచిపోవడం తప్ప ఇంకేమీ చెయ్యలేదు.

సెప్టెంబరులో ఒకరోజు మస్తాన్‌బీ వచ్చింది. ఆమెది గాజుల వ్యాపారం. ఆరుగురిలో ఆమె రెండోది. గంప దించి, కామాక్షమ్మ చెయ్యి ఒళ్ళో పెట్టుకుని గాజులు ఎక్కిస్తూ ఉన్నట్టుండి ఏడ్చింది.

“నాకెందుకు పట్టింది అక్కా, నీకెందుకు పట్టలా? నీకన్నా నేనేం పుణ్యం చేశా?”

“ఎవురి కన్ను వాళ్ళది లేమే. నా కన్నే చెడ్డది. డాక్టరమ్మ అంత కష్టపడి చేస్తే నిలుపుకోలేకపోయా. ఆ అమ్మ ముఖం చూడాలంటే సిగ్గుగా ఉండాది.”

తలుపు వెనక నిలబడి పెంచలయ్య ఆ మాట విన్నాడు. తప్పు తన కంటిదనుకుంటోంది. ఇప్పుడే లోపలికి పోయి చెప్పేద్దామని రెండడుగులు వేశాడు. మస్తాన్‌బీ ఉంది గదా, పరాయి మనిషి ముందు ఎందుకని మూడో అడుగు వెనక్కి వేశాడు. మస్తాన్‌బీ వెళ్ళిపోయాక ఇంకో కారణం దొరికింది. కారణాలకి కరువు రాలేదు. దీపావళి వచ్చింది, పోయింది.

నవంబరు చివర్లో షెడ్డుకి కొత్త అట్టపెట్టెలు వచ్చాయి. పాతవి చిన్నవైపోతున్నాయని, ప్రతి వైపూ పావు వంతు పెంచి చెయ్యమని పెంచలయ్యే చెప్పాడు. సుబ్బరత్నం వాటిని నింపుతూ కేకేసింది.

“ఏందయ్యా, ఈ పెట్టెలు మింగతా ఉండాయి! పాతదాంట్లో పట్టే సరుకుకి రెట్టింపు పడతా ఉండాది. పావు పెంచమంటే అంతకంతా పెంచారా?”

“పావేనే. కొలిచి తీసుకున్నా.”

“కొలతకి పావే. లోపలికి చూడు!”

పెంచలయ్య వచ్చి పెట్టెలోకి చూశాడు. పొడవు పావు, వెడల్పు పావు, ఎత్తు పావు. చూస్తూ చూస్తూ అలాగే నేలమీద కూర్చుండిపోయాడు.

నాలుగు నెలలుగా తప్పించుకు తిరుగుతున్న లెక్క దానంతట అదే వచ్చి ముందు కూర్చుంది. ఎనిమిది ఎనిమిదులు అరవై నాలుగు, మందం అర, అంటే ముప్ఫై రెండు ఘన మైక్రాన్లు. అది చీటీ. పది పదులు వంద, మందం మైక్రానులో ఎనిమిదింట అయిదు వంతులు, అంటే అరవై రెండున్నర. అది తాను వేసింది. పావు కాదు. రెట్టింపుకి కొంచెం తక్కువ.

“ఏమైందయ్యా? నీళ్ళు తేనా?” అంటోంది సుబ్బరత్నం. ఆయనకి వినపడలేదు.

మర్నాడు పొద్దున్నే తిరుపతి బస్సెక్కాడు. హైమవతి ముందు నిలబడి మూడు ముళ్ళ సంగతీ చెప్పాడు. ఆమె కాగితం తీసుకుని, చెప్పింది చెప్పినట్టు వేసుకుంటూ పోయింది.

“పది లక్షల నలుసులు. చీటీ ప్రకారమైతే మూడు కోట్ల ఇరవై లక్షల ఘన మైక్రాన్లు. ఘన మిల్లీమీటరులోకి మార్చాలంటే వెయ్యితో కాదు, వైపుకొకసారి చొప్పున మూడుసార్లు వెయ్యితో, అంటే వంద కోట్లతో భాగించాలి. ఘన మిల్లీమీటరులో ముప్ఫై రెండు వెయ్యోవంతులు. దీన్ని కంట్లో ఏడు చదరపు మిల్లీమీటర్ల చోటులో పరిస్తే, నలుసుల పరుపు మందం నాలుగున్నర మైక్రాన్లు.” కలం ఆగింది. “మీ కొసరుతో తొమ్మిది.”

“కంటి పొర కింద సందెంతమ్మా?”

“ఏడు.”

తొమ్మిదిలోంచి ఏడు తీసేసి, మిగిలిన అంకె కింద ఆమె గీత గీసింది. రెండు మైక్రాన్లు. వెంట్రుకని నిలువునా నలభై ముక్కలు చేస్తే అందులో ఒక ముక్క. అంత మేర పొర పైకి లేచి, కొంచెం కొంచెంగా నరాన్ని నలిపింది.

“ఇది మీకు ఎప్పుడు తెలుసు?” అని హైమవతి అడిగింది.

నిన్ననే అని చెప్పొచ్చు. అది అబద్ధం కూడా కాదు.

“లెక్క నిన్న తెలిసిందమ్మా,” అన్నాడు పెంచలయ్య. “భయం మొదటిరోజే తెలుసు.”

ఆమె కళ్ళజోడు తీసి, చేతుల్లో ముఖం పెట్టుకుంది. కోపమో, తన చేతిలో వణుకు లేదని తెలిసిన ఉపశమనమో, రెండూ కలిసో పెంచలయ్యకి తెలియలేదు. ఆ వారమే కామాక్షమ్మని పిలిపించి ఎడమకన్ను చూసింది. టార్చి వేసింది, తీగలు పెట్టింది. మీటరు ముల్లు కదల్లేదు. రెండోసారి చూసింది. మూడోసారి చూడలేదు.

“అక్టోబరులో వచ్చి ఉంటే...” అని మొదలుపెట్టి, ఆపేసింది.

ఇంటికొచ్చాక పెంచలయ్య భార్య పీట పక్కనే నేలమీద కూర్చున్నాడు. మొదటినుంచి చివరిదాకా చెప్పాడు. ఏమీ దాచలేదు, ఏమీ తగ్గించలేదు. కామాక్షమ్మ వేళ్ళ మధ్య రేకుని తిప్పుతూ వింది. అంతా అయ్యాక అంది.

“కొసరు నాకోసం వేశావు. దానికి నేనేమీ అనను మావా. నీ చేతిలో పెట్టి ఉంటే నేనూ అట్టనే చేసుందునేమో.”

పెంచలయ్య తల ఎత్తాడు.

“మరి నాలుగు నెలలు నోరు మూసుకున్నావే, అది ఎవురికోసం?”

పెంచలయ్య ఎత్తిన తల మళ్ళీ దించుకున్నాడు.

“నా కన్ను చెడ్డదని మస్తాన్‌బీకి చెప్పుకున్నా. సిగ్గుపడి డాక్టరమ్మకి ఎదురుపడలా. అప్పుడు నువ్వు ఇంట్లోనే ఉండావు గదా?”

“ఉండా.”

“విన్నావా?”

“విన్నా.”

కామాక్షమ్మ చేతిలో రేకు కింద పెట్టింది. ఆ రోజు ఇక ఆయనతో మాట్లాడలేదు. ఆ మర్నాడూ మాట్లాడలేదు. మూడో రోజు చీర మార్చుకుని, చేతిసంచి పట్టుకుని గుమ్మంలో నిలబడింది.

“డాక్టరమ్మ ఫోన్ చేసింది. ఆ పందొమ్మిదిమందినీ పిలిపిస్తాందట. వాళ్ళు భయపడతా ఉండారు, ఒకామెకి కన్ను పోయిందట గదా అని. నేనొచ్చి చెప్తానన్నా. నువ్వూ రా.”

“నేనేం చెప్పను కామాక్షీ?”

“ఎందుకు పోయిందో చెప్పు. కారణం తెలియకపోతే ఎవురు కన్నిస్తారు?”

ప్రయోగశాల వరండాలో వాళ్ళ ఎదురుగా మొదట కూర్చున్నది ఒక రైతు, ఆయన పన్నెండేళ్ళ కూతురు. ఆ పిల్లకి రేచీకటి. చూపు అప్పుడే సగానికి వచ్చింది. పిల్ల కామాక్షమ్మ ముఖంకేసి భయంగా చూస్తోంది. తండ్రి గొంతు సవరించుకున్నాడు. “అమ్మా, మీకేమైందో దాపరికం లేకుండా చెప్పండి. బిడ్డ కన్ను. మళ్ళీ రాదు.”

కామాక్షమ్మ మోచేతితో భర్తని పొడిచింది.

పెంచలయ్య నేలకేసి చూస్తూ మొదలుపెట్టాడు. “భయపడబాకండి. డాక్టరమ్మ తప్పేమీ లేదు, మందు తప్పేమీ లేదు. నలుసులు తయారు చేసేకాడ ఒకాయన ఉండాడు. ఆయన చీటీలో రాసినట్టు చెయ్యకుండా, మూడు వైపులా పావు వంతు ఎక్కువేశాడు. మంచికే అనుకున్నాడు. తర్వాత తెలిసీ నాలుగు నెలలు ఆ మనిషి...”

“మావా,” అంది కామాక్షమ్మ. గొంతు పెంచలేదు. “ఒకాయన గాదు.”

పెంచలయ్య ఆగిపోయాడు. రైతు ఒకసారి ఆయన్నీ ఒకసారి ఆమెనీ చూశాడు. పిల్ల తండ్రి చెయ్యి పట్టుకుంది. కామాక్షమ్మ ఖాళీ కళ్ళతో గోడకేసి ముఖం పెట్టి, తొందరేమీ లేనట్టు కూర్చుంది.

ఆయన తల ఎత్తి, ఆ పిల్ల కళ్ళలోకి చూసి, మళ్ళీ మొదటినుంచి మొదలుపెట్టాడు.

“నేను...”